పొద్దున్నే మడమ నేలకు ఆనట్లేదా? చేత్తో ఫేషియాను వదులు చేయడం ఎలా?

మంచం దిగి మొదటి అడుగు వేయగానే మడమ కింద మేకు దిగినట్టు పోటు. పది అడుగులు వేశాక సర్దుకుంటుంది, కాసేపు కూర్చుని లేస్తే మళ్లీ మొదలు. విశాఖ జగదాంబ సెంటర్లో బట్టల షాపుల్లో పొద్దస్తమానం నిలబడేవాళ్లకు, స్టీల్‌ప్లాంటులో సేఫ్టీ షూ వేసుకుని షిఫ్టు చేసేవాళ్లకు, ఆషాఢ పౌర్ణమికి సింహాచలం గిరి ప్రదక్షిణలో 32 కిలోమీటర్లు చెప్పుల్లేకుండా నడిచొచ్చినవాళ్లకు బాగా తెలిసిన నొప్పి ఇది. డాక్టర్లు ప్లాంటార్ ఫేషియైటిస్ అంటారు.

మటన్ కోసేటప్పుడు కండ మీద కత్తికి అడ్డం పడే తెల్లటి పొర ఉంటుందే, అదే ఫేషియా. మన ఒంట్లోనూ ప్రతి కండకూ ఆ తొడుగు ఉంటుంది. అరికాల్లో మాత్రం అది మడమ ఎముక నుంచి వేళ్ల మొదళ్ల దాకా గట్టి పట్టీలా సాగుతుంది. పొరకూ పొరకూ మధ్య హైలురోనాన్ అనే జిగట పదార్థం ఉంటుంది. అది చిక్కబడితే పొరలు ఒకదాని మీద ఒకటి సరిగ్గా జారవని, చేత్తో రుద్ది ఆ జారుడు తిరిగి తేవచ్చని ఇటలీ ఫిజియోథెరపిస్టు లుయిజీ స్టెక్కో, ఆయన కూతురైన పాడువా విశ్వవిద్యాలయం అనాటమీ ప్రొఫెసర్ కార్లా స్టెక్కో చెబుతారు.

ఇక్కడే ఒక అపోహ వదిలించుకోవాలి. ‘అతుక్కున్న పొరలను విడగొడతాం’ అంటూ కళ్లలో నీళ్లు తిరిగేలా నొక్కేవాళ్లున్నారు. అరికాలి ఫేషియాను ఒక్క శాతం నొక్కి మార్చాలన్నా మనిషి చేతికి సాధ్యంకానంత బలం కావాలని 2008లో వచ్చిన ఒక గణిత నమూనా లెక్కగట్టింది. అంటే చేత్తో పట్టీని సాగదీయలేం, విడగొట్టలేం. చేయగలిగిందల్లా పొరల జారుడు పెంచడం, ఆ చోట నరాల ఉలికిపాటు తగ్గించడం. దానికి బలం అక్కర్లేదు, ఓపిక కావాలి.

ఎవరు చేయకూడదు?

ఒక్క పిక్కే వాచి, వేడెక్కి, నొప్పిగా ఉంటే అక్కడ చెయ్యి పెట్టొద్దు. లోపల రక్తం గడ్డ కట్టి ఉండొచ్చు, అదే రోజు ఆసుపత్రికి వెళ్లాలి. రక్తం పలచబడే మందులు వాడేవాళ్లు, షుగరు వల్ల పాదాల్లో స్పర్శ తగ్గినవాళ్లు, మడమలో స్టెరాయిడ్ ఇంజక్షన్ ఈ మధ్యే వేయించుకున్నవాళ్లు డాక్టరును అడక్కుండా మొదలుపెట్టకూడదు. మడమను రెండు పక్కల నుంచి అరచేతుల మధ్య పెట్టి నొక్కండి. అలా నొక్కినప్పుడు ప్రాణం పోయేంత నొప్పి వస్తే ఎముక చిట్లిందేమోనని చూడాలి. రాత్రి పడుకున్నా తగ్గని నొప్పి, జ్వరం, అరికాల్లో మంటా తిమ్మిరీ ఉంటే అది ఈ బాధ కాకపోవచ్చు. విశాఖ కేజీహెచ్ (కింగ్ జార్జ్ ఆసుపత్రి) ఎముకల విభాగంలోనో, దగ్గర్లోని ఆర్థోపెడిక్ డాక్టరుకో చూపించుకోండి. ఎక్స్‌రేలో ‘మడమలో ఎముక పెరిగింది’ అని రాశారని మాత్రం బెంగపడకండి. నొప్పి లేని చాలామందిలోనూ అది కనిపిస్తుంది.

ముందు కొలత

గోడకు ఎదురుగా నిలబడి, మడమ లేవకుండా మోకాలు గోడకు తాకించండి. తాకినప్పుడల్లా పాదాన్ని కొంచెం కొంచెం వెనక్కి జరపండి. మోకాలు గోడను తాకుతూ, మడమ ఇంకా నేల మీదే ఉండే చివరి చోట బొటనవేలికీ గోడకూ మధ్య దూరం స్కేలుతో కొలవండి. సుమారు 10 సెంటీమీటర్లు వస్తే బాగున్నట్టే. నొప్పి ఉన్న కాలు రెండో కాలి కంటే రెండు సెంటీమీటర్లు వెనకబడితే పిక్క బిగిసిందని లెక్క. ఆ అంకె, పొద్దున మొదటి అడుగు నొప్పికి పదికి ఎంత వేస్తారో ఆ అంకె, రెండూ క్యాలెండరు మీద రాసుకోండి. రాయకపోతే రెండో వారానికి తగ్గిందో లేదో మీకే తెలియదు.

మొదట పిక్క, తర్వాతే అరికాలు

నొప్పి మడమలో ఉంటే పిక్క ఎందుకు? పిక్క బిగుసుకుంటే చీలమండ సరిగ్గా ముందుకు వంగదు. ఆ వంగని భారమంతా అడుగడుగునా అరికాలి పట్టీ మీద పడుతుంది. నేరుగా మడమ మీద పడి రుద్దేవాళ్లు నొప్పిని ఇంకా రెచ్చగొడతారు.

కుర్చీలో కూర్చుని నొప్పి ఉన్న కాలి చీలమండను రెండో మోకాలి మీద పెట్టుకోండి. నూనె వద్దు. మనకు మర్దన అంటే గిన్నెడు నూనె పోయడం అలవాటు గానీ, ఇక్కడ నూనె పోస్తే చెయ్యి జారిపోతుంది తప్ప పొర చేతికి చిక్కదు. విశాఖ ఉక్కకు చెమట పట్టినా అంతే, పొడి తువ్వాలుతో తుడుచుకోండి.

మోకాలి మడతకూ మడమకూ మధ్యలో, పిక్క కండ ముగిసి గట్టి నరంలా మారే చోట, కాస్త లోపలి వైపు మూడు వేళ్ల మొనలు ఆనించండి. ఐదారు సెకన్లు తీసుకుని నెమ్మదిగా దిగండి. పైన చర్మం దుప్పటిలా కదులుతుంది. దాని కింద మెత్తటి కొవ్వు. ఆ తర్వాత బిగించిన నవారు మంచం మీద చెయ్యి పెట్టినట్టు ఒక బిగుతు తగులుతుంది. అక్కడ ఆగండి. ఇంకా లోతుకు పోతే కండ ఎదురు తిరిగి బిగుసుకుంటుంది.

ఆ బిగుతును వదలకుండా వేళ్లను చర్మంతో పాటే ఒక సెంటీమీటరు అటూ ఇటూ జరపండి. వేళ్లు చర్మం మీద జారకూడదు. చర్మాన్ని పట్టుకుని కింది పొర మీద జరగాలి. పైకీ కిందకీ, అడ్డంగా జరిపి చూస్తే ఏదో ఒక దిశలో మొరాయిస్తుంది. కొందరికి అక్కడ బియ్యపు గింజల మీద వేలు పెట్టినట్టు గరగర తగులుతుంది, నొప్పి మడమ దాకా పాకుతుంది. పని చేయాల్సింది అక్కడే. మొరాయించే దిశలోనే నెమ్మదిగా, సుమారు మూడు నిమిషాలు. నొప్పి పదికి ఐదు దాటకూడదు. ఊపిరి బిగబడుతున్నారంటే ఎక్కువ నొక్కుతున్నట్టే. మొదట ఐదు ఉన్నది రెండున్నరకు దిగితే ఆ చోట పని అయినట్టు, ఇంకో చోటు వెతకండి. ఒక విడతకు రెండు మూడు చోట్లు చాలు. మోకాలి వెనక గుంటలో మాత్రం నొక్కొద్దు, అక్కడ రక్తనాళాలూ నరాలూ పైపైనే ఉంటాయి.

ఇంట్లో ఇంకొకరు చేసిపెడితే, బోర్లా పడుకుని పాదం మంచం అంచు బయటికి వేలాడేలా, ముంగాలి కింద దిండు పెట్టుకోండి. చేసేవాళ్లు మోచెయ్యి వాడొద్దు. కొత్తవాళ్ల మోచేతికి లోతు తెలియదు.

అవగానే గోడ దగ్గర మళ్లీ కొలవండి. ఒకటి, రెండు సెంటీమీటర్లు పెరిగితే సరైన చోట పట్టుకున్నారు. ఏమీ పెరగకపోతే రేపు రెండు అంగుళాలు పైనో, బయటి వైపో వెతకండి.

అరికాలు

ఎడమ చేత్తో కాలి వేళ్లను వెనక్కి వంచితే అరికాలి వంపులో పట్టీ తాడులా తేలుతుంది. కుడి బొటనవేలితో ఆ తాడును అడ్డంగా, వంపు మధ్యలో, రెండు నిమిషాలు మీటండి. మడమ ఎముకకు పట్టీ అతుక్కునే చోట, అంటే పోటు పుట్టే బిందువు మీద, వేలు పెట్టొద్దు. అక్కడ ఇప్పటికే పుండులా ఉంటుంది. వేళ్లు నొప్పెడితే పిల్లలు వీధిలో క్రికెట్టాడే టెన్నిస్ బంతి తీసుకుని, కూర్చునే అరికాలి కింద దొర్లించండి. అంతకంటే గట్టి బంతి వద్దు.

సాయంత్రం పోటు ఎక్కువగా ఉంటే అర లీటరు నీళ్ల సీసాను నాలుగు వేళ్ల ఖాళీ వదిలి ఫ్రీజర్లో పెట్టండి. నిండా నింపితే పగులుతుంది. గడ్డకట్టాక పల్చటి గుడ్డ చుట్టి ఐదారు నిమిషాలు దొర్లిస్తే ఉపశమనంగా ఉంటుంది, అంతే. అది వైద్యం కాదు.

చేత్తో వచ్చిన సుఖం నిలవాలంటే

చేత్తో వదులైనది ఎక్కువసేపు నిలవదు. నిలబెట్టేది వ్యాయామమే, చాలామంది మానేసేదీ అదే.

పొద్దున మంచం దిగకముందే వేళ్లను పది సెకన్లు వెనక్కి లాగి పట్టుకోండి, అలా పదిసార్లు. రోజుకు మూడు విడతలు. రోజు విడిచి రోజు మెట్టు అంచున నిలబడి, చుట్టిన తువ్వాలు వేళ్ల కింద పెట్టి, రెయిలింగు పట్టుకుని మడమలెత్తండి. మూడు సెకన్లలో లేవాలి, రెండు సెకన్లు ఆగాలి, మూడు సెకన్లలో దిగాలి. ఒక్క కాలితో చేయలేకపోతే రెండు కాళ్లతో మొదలుపెట్టండి. పన్నెండేసి చొప్పున మూడు విడతలు. రెండు వారాల తర్వాత వీపున బ్యాగులో పుస్తకాలో బియ్యమో వేసుకుని బరువు పెంచి, పదేసి చొప్పున నాలుగు విడతలు. ఇంకో రెండు వారాలకు మరికాస్త బరువుతో ఎనిమిదేసి చొప్పున ఐదు. తొందరగా లేచి దబ్బున దిగితే లాభం లేదు.

ఇంట్లో టైల్సు మీద వట్టి కాళ్లతో తిరగడం మడమకు పెద్ద దెబ్బ. బయటి చెప్పులు లోపలికి రానివ్వరు కాబట్టి మెత్తటి జత ఒకటి ఇంట్లోకే విడిగా పెట్టుకోండి. ఆర్కే బీచ్‌లో ఇసుక మీద వట్టి కాళ్ల నడక కొన్నాళ్లు ఆపండి. ఇసుకలో మడమ లోతుకు దిగుతుంది, ఒడ్డు వాలుగా ఉండటంతో పాదం ఒక పక్కకు ఒరుగుతుంది. బీచ్ రోడ్డు మీద బూట్లతో నడవండి.

తేడా కొడితే

పిక్క మీద నీలం మచ్చలు పడితే గట్టిగా నొక్కారు. మచ్చ పోయేదాకా అక్కడ ఆపండి. మర్నాడు ఒళ్లు నొప్పుల్లాంటి సలుపు ఒకటి రెండు రోజులు ఉంటే ఫర్వాలేదు. కానీ మొదటి అడుగు నొప్పి నిన్న నాలుగుండి ఇవాళ ఆరైతే సమయం సగానికి తగ్గించండి. రోజూ ఒకే చోట పనిచేయొద్దు, మధ్యలో రెండు రోజులు విడవండి.

రెండు మూడు నెలలు పట్టడం మామూలే, ఏడాది పట్టేవాళ్లూ ఉంటారు. క్యాలెండరులో అంకెలు ఆరు వారాలకూ కదలకపోతే ఆ క్యాలెండరే పట్టుకుని ఫిజియోథెరపిస్టు దగ్గరికి వెళ్లండి. గిరి ప్రదక్షిణకు మొక్కుకున్నవాళ్లయితే ఆషాఢానికి కనీసం మూడు నెలల ముందే మొదలుపెట్టాలి. వారం ముందు మొదలుపెడితే దారిలో హనుమంతవాక చేరేసరికే మడమ పట్టేస్తుంది.