సముద్రపు మాటల కోసం ఏ పుస్తకం తెరవాలి

ఓడల మీద నవల రాసేవాళ్లు, పాత సముద్రయాత్రలు అనువదించేవాళ్లు, ఊరికే ఆసక్తి కొద్దీ చదివేవాళ్లు, అందరూ ముందు అడిగేది ఒక్కటే: "అన్నీ ఉన్న పుస్తకం ఒకటి చెప్పండి, కొనేస్తాం." అలాంటిది లేదండీ. 1600ల నాటి ఓడ మీది భాష వేరు, ఆవిరి ఓడల కాలం భాష వేరు, ఇవాళ కంటైనర్ షిప్ నడిపేవాళ్లు వైర్‌లెస్‌లో మాట్లాడేది వేరు. అందుకని పుస్తకాల పేర్లు వెతికే ముందు మీకు ఏ కాలం కావాలి, ఏ సముద్రం, అధికారి మాటా తాళ్లు లాగే కూలి మాటా అన్నది ఒక కాగితం మీద రాసుకోండి. ఇది తేలితే సగం పని అయిపోయినట్టే, లేకపోతే ఎంత ఖరీదైన పుస్తకం కొన్నా అల్మారాకు అందం తప్ప ఇంకేం లేదు.

ఎక్కడో ఒకచోట మొదలుపెట్టాలి కాబట్టి 'ది ఆక్స్‌ఫర్డ్ కంపానియన్ టు షిప్స్ అండ్ ది సీ'తో మొదలుపెట్టండి. పీటర్ కెంప్ సంపాదకత్వంలో 1976లో వచ్చింది, 2005లో రెండో కూర్పు. ఓడల రకాలు, నావికులు, యుద్ధాలు, తాళ్లు, మూఢనమ్మకాలు అన్నీ అక్షరక్రమంలో ఉంటాయి. తెలియని మాట తగిలితే ముందు ఇందులో చూసి, అది తాడా, చెక్కా, మనిషా, వాతావరణమా అన్నది తేల్చుకోండి. దీని మొగ్గు యూరప్ ఓడల వైపే, ఆ సంగతి మనసులో పెట్టుకుంటే చాలు.

అసలు బలమంతా పాత నిఘంటువుల్లో ఉంది. హెన్రీ మెయిన్‌వేరింగ్ రాసిన 'ది సీమన్స్ డిక్షనరీ' 1620ల్లో రాతప్రతిగా తిరిగి 1644లో అచ్చయింది. కెప్టెన్ జాన్ స్మిత్ 'ఎ సీ గ్రామర్' 1627ది. విలియం ఫాల్కనర్ 'యాన్ యూనివర్సల్ డిక్షనరీ ఆఫ్ ది మెరైన్' 1769లో వచ్చింది. ఫాల్కనర్ స్వయంగా నావికుడు, కవి కూడా. పుస్తకం వచ్చిన ఏడాదే అరోరా అనే ఓడ ఎక్కాడు, ఆ ఓడ తిరిగి రాలేదు. అడ్మిరల్ విలియం స్మిత్ (పై కెప్టెన్ వేరు, ఈయన వేరు) 'ది సెయిలర్స్ వర్డ్-బుక్' ఆయన పోయాక, 1867లో వెలువడింది. వీటిలో మీరు చదువుతున్న కథాకాలానికి దగ్గరగా ఉన్నదాన్ని ఎంచుకోండి. నెపోలియన్ యుద్ధాల నాటి కథ అయితే ఫాల్కనర్, క్లిప్పర్లనే వేగపు తెరచాప ఓడల కథ అయితే అడ్మిరల్ స్మిత్. వందేళ్ల తేడా ఉన్న నిఘంటువు పట్టుకుని అర్థం తీశారంటే అర్థం కాస్తా అనర్థమవుతుంది.

కాలం తేడా ఎంత పని చేస్తుందో ఒక ఉదాహరణ చూడండి. 1912 ఏప్రిల్‌లో టైటానిక్‌కు మంచుకొండ ఎదురైనప్పుడు ఆఫీసర్ 'హార్డ్ ఎ స్టార్‌బోర్డ్' అన్నాడని చక్రం పట్టిన మనిషి విచారణలో చెప్పాడు. స్టార్‌బోర్డ్ అంటే ఓడకు కుడివైపు అని చిన్న నిఘంటువు కూడా చెబుతుంది. కానీ ఆ ఓడ తిరిగింది ఎడమకు, ఆఫీసర్ కోరుకున్నదీ ఎడమకే. అంత టెన్షన్‌లో మనిషి తడబడ్డాడేమో అని అనుమానం వస్తుంది కదా? తడబాటు ఏమీ లేదు. ఆజ్ఞ ఓడకు కాదు, చుక్కాని పిడికి. పిడిని కుడికి నెడితే నీటిలోని పలక ఎడమకు మళ్లుతుంది, ఓడ ముక్కూ ఎడమకే పోతుంది. తర్వాత పిడి పోయి చక్రం వచ్చినా ఆజ్ఞ మాత్రం అలాగే నిలిచిపోయింది. బ్రిటన్ ఈ పద్ధతి మార్చింది 1933లో. అంటే అంతకు ముందు నాటి బ్రిటిష్ ఓడ కథలో చుక్కాని ఆజ్ఞ కనబడితే దిక్కు తిరగేసి చదువుకోవాలి, ఆ తర్వాతి కథలో ఉన్నది ఉన్నట్టు చదువుకోవాలి. ఈ సంగతి 'స్టార్‌బోర్డ్' దగ్గర వెతికితే దొరక్కపోవచ్చు, 'హెల్మ్', అంటే చుక్కాని, దగ్గర వెతకండి. ఓడ మాటలకు సంబంధించి నేను గట్టిగా చెప్పే కిటుకు ఇదే: మాట దగ్గర ఆగిపోకుండా, ఆ మాట ఏ పనిలో వాడతారో ఆ పని పేరు కింద కూడా చూడండి.

తేదీలు కూడా అంతే. పాత రోజుల్లో ఓడ రోజు మధ్యాహ్నంతో మొదలయ్యేది, అదీ నేల మీది రోజుకంటే ముందుగా. నేల మీద నాలుగో తేదీ సాయంత్రం జరిగింది ఓడ లాగ్‌లో, అంటే రోజువారీ సంగతులు రాసే పుస్తకంలో, ఐదో తేదీ కింద పడుతుంది. బ్రిటిష్ నౌకాదళం 1805లో ఈ లెక్క మానేసింది, వర్తక ఓడలు ఇంకా కొంతకాలం సాగించాయి. లాగ్ పుస్తకానికీ ఉత్తరాలకీ ఒక రోజు తేడా కనిపిస్తే ఎవరో అబద్ధం రాశారని ముందే తేల్చేయకండి.

గాలి పేర్లు కూడా కాలంతో మారాయి. బ్రిటిష్ నౌకాదళ అధికారి బ్యూఫోర్ట్ 19వ శతాబ్దం మొదట్లో గాలిని అంచెలుగా రాసుకున్నాడు, తర్వాత వాటిని 0 నుంచి 12 వరకు పెట్టి, ఆ గాలిలో యుద్ధనౌక ఎన్ని తెరచాపలు మొయ్యగలదో దాన్నిబట్టి వివరించాడు. 12 అంటే ఏ గుడ్డా నిలవని గాలి. పాత పుస్తకంలో 'మోడరేట్ గేల్' అన్నది ఇవాళ్టి పట్టికలో 'నియర్ గేల్', అంటే ఏడో అంచె. పేరు చూసి తేలిక గాలి అనుకుంటే మీ కథలో ఓడ ఊగిపోయేంత గాలికి జనం తాపీగా కబుర్లు చెప్పుకుంటారు.

కొనే ముందు పుస్తకాన్ని పరీక్షించడం ఎలా? రెండు మాటలు చాలు. మొదటిది 'షీట్'. అది తెరచాప అని ఉంటే పుస్తకం పక్కన పడేయండి. తెరచాప కింది మూలకు కట్టి, గాలికి తగ్గట్టు బిగించడానికీ వదలడానికీ వాడే తాడు అది. బొమ్మ కూడా ఉంటే ఆ పుస్తకం రాసినవాడికి పని తెలుసని అర్థం. రెండోది 'పాష్', ఇంగ్లీషులో దర్జా అని అర్థం. ఓడ టికెట్ మీద 'పోర్ట్ అవుట్, స్టార్‌బోర్డ్ హోమ్', అంటే వెళ్లేటప్పుడు ఎడమ గది, వచ్చేటప్పుడు కుడి గది, అని ముద్ర వేసేవారని, ఆ పొడి అక్షరాలే ఈ మాటయ్యాయని కథ ఉంది. ఆధారం చూపిన టికెట్ ఒక్కటీ లేదు. ఈ కథను సంబరంగా చెప్పే పుస్తకం మిగతా మాటల పుట్టుక కూడా అలాగే చెబుతుంది. సముద్రం పేరు పెడితే ఎంత పిట్టకథైనా నమ్మేసే జనం ఉన్నారు మరి!

నిఘంటువు పేరు చెబుతుంది, పని చూపించదు. దానికి పనివాళ్ల పుస్తకాలు కావాలి. రిచర్డ్ హెన్రీ డేనా 1841లో రాసిన 'ది సీమన్స్ ఫ్రెండ్' ఓడ మీద ఎవరి పని ఏమిటో, తెరచాప ఎలా విప్పుతారో, ఎలా మడుస్తారో మామూలు నావికుడి కోసమే చెబుతుంది. తాడు ముడుల కోసమైతే క్లిఫర్డ్ ఆష్లీ 1944 పుస్తకం, 3,800కు పైగా అంశాలు, సుమారు 7,000 బొమ్మలు. దాన్ని చదవకండి, రెండు మూరల తాడు పక్కన పెట్టుకుని వేసి చూడండి, అప్పుడే కథలో ఆ ముడి ఎందుకు జారిందో తెలుస్తుంది. దిక్కులు, ఆటుపోట్లు, నక్షత్రాల లెక్క కావాలంటే 1802లో మొదలై ఇప్పటికీ అమెరికా ప్రభుత్వం వేస్తున్న బౌడిచ్ పుస్తకం ఉచితంగానే దొరుకుతుంది.

సంస్కృతి వైపు వచ్చేసరికి యూరప్ గట్టు దాటాలి. తాళ్లు లాగుతూ పాడే పాటలకు స్టాన్ హ్యూగిల్ 1961 సంకలనం ఉంది. ఆయన తెరచాప ఓడల్లో పాడి పనిచేసిన మనిషే, ఏ పాట ఏ పనికి పాడేవారో చెబుతాడు, బూతులు మాత్రం చాలావరకు మార్చి అచ్చువేశాడు. పసిఫిక్ ద్వీపాలవాళ్లు దిక్సూచి లేకుండా ఎలా వెళ్లేవారో డేవిడ్ లూయిస్ వాళ్ల పక్కన ప్రయాణించి రాశాడు, ఆ పుస్తకం 1972లో వచ్చింది. హిందూ మహాసముద్రానికైతే 15వ శతాబ్దపు అరబ్ నావికుడు ఇబ్న్ మాజిద్ రచనను టిబెట్స్ 1971లో ఇంగ్లీషులోకి తెచ్చాడు, నక్షత్రాల పేర్ల పట్టికలే దానికి బలం.

ఇక యూరప్ ఓడల్లో పనిచేసిన మన నావికులు, అంటే సరంగులు, కళాసీలు వాడిన లష్కరీ భాషకు థామస్ రోబక్ నిఘంటువు, 1811లో కలకత్తాలో అచ్చయింది. హిందుస్తానీ, పోర్చుగీసు, అరబీ, ఇంగ్లీషు కలిసిపోయిన ఓడ మాటలు అవి. దాని పక్కనే 1886 నాటి హాబ్సన్-జాబ్సన్, అంటే ఇంగ్లీషులో కలిసిన భారతీయ మాటల నిఘంటువు, పెట్టుకుంటే పాత వాడుక ఉదాహరణలు తేదీలతో సహా దొరుకుతాయి. కానీ రోబక్ రాసింది అధికారి ఆజ్ఞ ఇవ్వడానికి, కళాసీ తనలో తాను ఏమనుకున్నాడో అందులో ఉండదు. అది పాటల్లో, కోర్టు వాంగ్మూలాల్లో వెతుక్కోవాలి.

ఇప్పటి కథకు ఇవేవీ అక్కర్లేదు. అంతర్జాతీయ సముద్ర సంస్థ 2001లో ఆమోదించిన ప్రామాణిక వాక్యాల పట్టిక చూడండి, వేరువేరు దేశాలవాళ్లు ఒకే ఓడలో తికమక లేకుండా మాట్లాడుకునేందుకు తయారైనది. పాతవి చాలావరకు కాపీరైట్ దాటిపోయాయి, ఇంటర్నెట్ ఆర్కైవ్‌లో స్కాన్లు దొరుకుతాయి. యంత్రం చదివిన పాఠాన్ని మాత్రం నమ్మకండి, పాత అచ్చులో పొడుగు 'ఎస్' అక్షరం 'ఎఫ్' లాగా పడుతుంది, మాట వెతికితే తగలదు. పేజీ బొమ్మ తెరిచి అక్షరక్రమంలో వేలితో చూసుకోవడమే నయం.