ఛాయాగ్రహణం, కూర్పు, దర్శకత్వం: మూడూ ఒక్కరే చేపట్టాలంటే

కెమెరా పనితో మొదలుపెట్టి దర్శకత్వమూ, కూర్పూ (ఎడిటింగ్) కూడా స్వయంగా చేయాలనుకునేవారు ముందుగా ఆ దారిన నడిచినవారి వరుసను గమనించాలి. పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో ఛాయాగ్రహణం నేర్చిన బాలు మహేంద్ర ఇతరుల చిత్రాలకు కొన్నేళ్లు పనిచేశాకే, 1977లో కన్నడ ‘కోకిల’తో దర్శకుడయ్యారు. ఆ తరువాత కూడా ‘శంకరాభరణం’ వంటి ఇతరుల చిత్రాలకు కెమెరా పట్టారు. తమిళ ‘వీడు’కు వచ్చేసరికి కూర్పు కూడా ఆయనదే. మన కాలంలో కార్తీక్ ఘట్టమనేని 2014లో ‘కార్తికేయ’కు ఛాయాగ్రహణం చేసి, మరుసటి ఏడాదే ‘సూర్య వర్సెస్ సూర్య’కు దర్శకత్వం వహించారు. ఆపైన చాలా ఏళ్లు ఇతరుల చిత్రాలకే పనిచేసి, 2024లో ‘ఈగల్’కు దర్శకత్వంతో పాటు కూర్పు బాధ్యతనూ తీసుకున్నారు. దర్శకులైనా ఇద్దరూ కెమెరా పనిని వదులుకోలేదు. జీవనోపాధికీ, చేయి తిరగడానికీ అదే ఆధారం కనుక మీరూ వదులుకోకండి.

కెమెరా అసిస్టెంట్‌గా ఉన్న రోజుల్లోనే ఎడిటింగ్ గదిలోకి అడుగుపెట్టండి. మీ యూనిట్ తీసిన షాట్లలో ఏవి తెరకెక్కాయో, ఏవి పక్కకు పోయాయో ఎడిటర్ పక్కన కూర్చుని చూస్తే, నటుడు చూపు తిప్పకముందే కెమెరా ఆపేయడం వల్ల కట్ ఎందుకు కుదరలేదో అక్కడే అర్థమవుతుంది. తరువాత ఒకే ఇల్లు, ఇద్దరు నటులతో పది నిమిషాల చిన్న చిత్రం తీయండి.

సెట్లో అసలు చిక్కు ఏమిటంటే, కన్ను ఫ్రేములోని వెలుగునీడల మీద ఉన్నప్పుడు చెవి సంభాషణను వదిలేస్తుంది. అందుకే నటులు రాకముందే లైటింగ్ ముగించుకుని, వారు వచ్చాక కెమెరా లేకుండా ఒకసారి రిహార్సల్ చూడండి. బరువైన సంభాషణలున్న సన్నివేశాల్లో కెమెరాను నమ్మకమైన ఆపరేటర్‌కు అప్పగించి, మీరు నటుల ముఖాల దగ్గరే ఉండండి. మన దేశంలో కరెంటు సెకనుకు 50 సైకిళ్లది కాబట్టి, సెకనుకు 24 ఫ్రేముల్లో తీసేటప్పుడు షట్టర్ తెరిచి ఉండే సమయాన్ని సెకనులో 50వ వంతుకు పెట్టుకుంటే ట్యూబ్‌లైట్ల మినుకు చాలావరకు పట్టుబడదు. ఇలాంటివి ముందే స్థిరపరచుకుంటే షూటింగ్ వేళ మనసు నటన మీద నిలుస్తుంది. ప్రతి షాట్ ఎక్కడ మొదలై ఎక్కడ తెగుతుందో సన్నివేశాన్ని షాట్లుగా విడగొట్టి రాసుకునే షాట్ డివిజన్‌లోనే రాసుకోండి, కానీ షూటింగ్‌లో ఆ చోటుకు అటూ ఇటూ కొన్ని సెకన్లు ఎక్కువే తీయండి.

అన్నిటికంటే కష్టం కూర్పు దశలో ఎదురవుతుంది. తెల్లవారుజామున మంచులో మూడు గంటలు నిలబడి పట్టిన షాట్‌ను తీసేయడానికి చేతులు రావు, ఎందుకంటే ఆ శ్రమ ప్రేక్షకుడికి తెలియకపోయినా మీకు జ్ఞాపకం ఉంటుంది. షూటింగ్ ముగిశాక కనీసం రెండు వారాలు రషెస్ (కూర్చని ముడి దృశ్యాలు) ముట్టుకోకండి. ఆ వ్యవధిలో సహాయకుడు శబ్దాన్ని చిత్రంతో కలిపి, టేకులకు గుర్తులు పెట్టి ఉంచుతాడు. మొదటి కూర్పులో కెమెరా అందాన్ని పక్కన పెట్టి, నటన బాగున్న టేకులనే ఎంచుకోండి. ఫోకస్ కొంచెం తప్పినా సరే, నిజంగా ఏడ్చిన టేకే కావాలి. ఆ కూర్పును ఒకసారి శబ్దం లేకుండా, మరొకసారి బొమ్మ లేకుండా శబ్దంతోనే పరీక్షించండి. కథ తెలియని నలుగురికి చూపించి, వారు ఎక్కడ అసహనంగా కదులుతున్నారో, ఎక్కడ ఫోన్ వైపు చూస్తున్నారో గుర్తుపెట్టుకోండి. వారి మాటల కంటే ఆ కదలికలే ఎక్కువ చెబుతాయి. అప్పటికీ ఒక సన్నివేశం కుదరకపోతే, దాన్ని మరో ఎడిటర్‌కు ఒక్క రోజు ఇవ్వడంలో నామోషీ లేదు.

నిర్మాతతో ఒప్పందం రాసుకునేటప్పుడు మూడు బాధ్యతలకూ పారితోషికాన్ని విడివిడిగా చూపండి. కూర్పుకు ఎన్ని వారాలు, రంగుల సవరణకు ఎన్ని రోజులు అన్నది కూడా అందులోనే ఉండాలి, లేకపోతే విడుదల తేదీ దగ్గరపడ్డాక ముందుగా కోతపడేది మీ ఎడిటింగ్ సమయానికే.