ఫిల్లీడియా వారికోసాను గుర్తుపట్టడం ఎలా?

పగడపు దిబ్బల మీద నలుపు, నీలి బూడిద, పసుపు రంగులు కలిసిన మెత్తని జీవి కనబడగానే అది ఫిల్లీడియా వారికోసా అనే సముద్రపు నత్త అని రాసుకునే అలవాటు చాలామంది డైవర్లకు ఉంది. ఆ రంగులు దాని దగ్గరి బంధువులకూ ఉన్నాయి కనుక, ముందుగా శరీర నిర్మాణాన్ని పరిశీలించి, ఆ తరువాతే రంగును లెక్కలోకి తీసుకోవాలి.

1801లో ఫ్రెంచి జీవశాస్త్రవేత్త లామార్క్ వర్ణించిన ఈ పెంకులేని సముద్రపు నత్త ఎర్ర సముద్రం నుంచి పసిఫిక్ దీవుల వరకు ఉష్ణమండల జలాల్లో నివసిస్తుంది. మన దేశంలో లక్షద్వీప్, అండమాన్ దీవుల్లో కనిపిస్తుంది. దీని ఆహారం స్పంజికలు (సముద్రపు అడుగున రాళ్లకు అతుక్కుని బతికే జీవులు) కనుక వెతుకులాట కూడా వాటి దగ్గరే మొదలుపెట్టాలి. నమిలే పళ్ల పట్టీ లేని ఈ జీవి, జీర్ణరసంతో స్పంజికను కరిగించి పీల్చుకుంటుంది. దానితోపాటే అందులోని విషాన్నీ ఒంట్లో దాచుకుంటుంది. అందుకే పట్టపగలు కూడా దాక్కోకుండా తిరుగుతుంది, రాళ్లు తిరగేయవలసిన పని లేదు.

కనబడిన జీవికి ముందు వైపున రెండు పసుపు కొమ్ములు ఉన్నాయా అని మొదట చూడాలి. వాసన పసిగట్టే ఈ కొమ్ములు లేకపోతే అది సముద్రపు నత్త కాకపోవచ్చు. పియర్సనోతూరియా గ్రాఫీ అనే సముద్ర దోసకాయ (దోసకాయ ఆకారంలో ఉండే సముద్ర జీవి) పిల్లలు అచ్చం ఇదే వేషంలో ఉంటాయి, కానీ వాటికి ఈ కొమ్ములు ఉండవు. (మన దేశంలో సముద్ర దోసకాయలన్నిటికీ 2001 నుంచి వన్యప్రాణి సంరక్షణ చట్టం వర్తిస్తుంది కనుక, పొరపాటున చేతిలోకి తీసుకున్నా చిక్కే.) తరువాత వీపు చూడాలి. నల్లని నేల మీద నీలి బూడిద రంగు గట్లు పొడవునా సాగుతాయి, వాటి మీది బుడిపెల కొనలు పసుపు రంగులో ఉంటాయి. వీపు చివర పువ్వులా విచ్చుకున్న మొప్పలు కనిపిస్తే అది వేరే కుటుంబపు జీవి అని తేల్చుకోవచ్చు. ఫిల్లీడియాకు మొప్పలు వీపు అంచు కింద, పాదానికి (నత్త పాకే అడుగు భాగానికి) ఇరువైపులా దాగి ఉంటాయి.

అసలు తీర్పు చెప్పేది పాదం. వారికోసా అరికాలి మధ్యలో పొడవునా నల్లని గీత ఉంటుంది; పైనుంచి దాదాపు ఒకేలా కనబడే ఫిల్లీడియా కోలెస్టిస్‌కు ఆ గీత ఉండదు. అయితే గీత ఒక్కటే చాలదు, ఫిల్లీడియా ఎలిగాన్స్‌కూ అది ఉంది కనుక, వీపు మీది గట్ల వరుసలను కూడా సరిచూసుకోవాలి. పాదం చూడటం కోసం జీవిని తిప్పడం మాత్రం సరికాదు. అది స్పంజిక అంచు మీదుగా పాకుతూ ముందు భాగాన్ని పైకెత్తే క్షణం కోసం కాచుకుని, కెమెరాను నేలకు దగ్గరగా దించి ఫొటో తీయాలి.

దీన్ని పట్టుకుని అక్వేరియంలో వేయాలనే ఆలోచన అసలే వద్దు. బెదిరినప్పుడు ఇది వదిలే స్రావం తొట్టెలోని చేపల ప్రాణం తీయగలదు, పైగా అది తినే స్పంజికను తొట్టెలో పెంచడం సాధ్యమయ్యే పని కాదు.

ఫొటోలు పైనుంచి ఒకటి, పక్కనుంచి ఒకటి, ముందునుంచి ఒకటి చొప్పున ఉండాలి. వాటితోపాటు లోతు, అది పాకుతున్న స్పంజిక రంగు, సుమారు పొడవు అక్కడికక్కడే పలక మీద రాసుకోవాలి. లోతుకు వెళ్లేకొద్దీ నీరు రంగులను మింగేస్తుంది కాబట్టి పగటిపూట సైతం టార్చి వెలుగులోనే రంగులు నమోదు చేయాలి.