స్లో కుక్కర్‌లో తియ్యటి హామ్: పాకం చివర్లోనే పట్టించాలి

స్లో కుక్కర్‌లో, అంటే తక్కువ వేడి మీద గంటల తరబడి ఉడికించే కరెంటు గిన్నెలో, హామ్ పెట్టేటప్పుడు చాలామంది చక్కెర, తేనె, జ్యూసు అన్నీ మొదట్లోనే పైన పోసేసి మూత పెట్టేస్తారు. గంటల తర్వాత మూత తీస్తే మాంసం మెత్తగానే ఉంటుంది కానీ, పైన మెరుపూ ఉండదు, జిగురూ ఉండదు. తీపంతా అడుగున ఊరిన నీళ్లలోకి దిగిపోయి ఉంటుంది. మూత పెట్టిన కుక్కర్‌లో ఉండేదంతా ఆవిరే. ఆ ఆవిరి మూతకు తగిలి, బొట్లుబొట్లుగా మళ్లీ హామ్ మీదే పడుతుంది. ఇక పైన రాసిన చక్కెర ఎక్కడ నిలుస్తుంది? పైగా మామూలు చక్కెర కరిగి ఎర్రబడాలంటే సుమారు 160 డిగ్రీల సెల్సియస్ వేడి కావాలి. స్లో కుక్కర్ లోపలి వేడి, నీళ్లు మరిగే స్థాయిని దాటదు.

అందుకే నేను దీన్ని రెండు వేరు వేరు పనులుగా చేస్తాను. హామ్‌ను లోపలిదాకా నెమ్మదిగా వేడెక్కించడం కుక్కర్ పని. పాకం కాచి పట్టించడం చివరి అరగంటలో పొయ్యి మీద, ఓవెన్‌లో పైనుంచి వేడి కొట్టే గ్రిల్ కింద చేసే పని. ఈ రెండూ కలిపేయకుండా ఉంటే చాలు, మిగతాదంతా తేలికే.

ముందు హామ్ సంగతి. హామ్ అంటే ఉప్పులో ఊరబెట్టి, చాలాసార్లు పొగ కూడా పట్టించిన పంది వెనక తొడ. ప్యాకెట్ మీద ‘పూర్తిగా వండినది’ అని ఉన్నదే తీసుకోండి. అది అప్పటికే ఉడికిన మాంసం కాబట్టి మనం వేడి చేస్తే సరిపోతుంది. ‘తినేముందు వండాలి’ అని రాసి ఉంటే అది పచ్చిది, దానికి పట్టే సమయం వేరు. లేబుల్ మీద ఇంకో మాట కూడా చూడండి. కొన్నిటి మీద ‘నీరు కలిపినది’ అని ఉంటుంది. బరువులో కొంత నీళ్లే. వేడెక్కే కొద్దీ ఆ నీళ్లు బయటికి వచ్చి హామ్ చిన్నదైపోతుంది, ముక్క కూడా రబ్బరులా సాగుతుంది. నీరు కలపనిది దొరికితే కాస్త ఎక్కువైనా అదే కొంటాను.

ఎముక ఉన్నది మేలా, లేనిది మేలా అంటే నా ఓటు ఎముక ఉన్నదానికే. రుచి బాగుంటుంది, చివరికి సూప్‌కు ఎముక మిగులుతుంది. అందులోనూ కాలి వైపు సగం తీసుకుంటే ఒకే ఒక పొడుగు ఎముక ఉంటుంది, కోయడం సులువు. తుంటి వైపు సగంలో మాంసం ఎక్కువే కానీ ఎముకలు వంకరగా ఉంటాయి, కత్తి తిప్పడం కష్టం. చుట్టూ సన్నగా ముందే తరిగి ఉంచిన స్పైరల్ హామ్ కూడా దొరుకుతుంది. వడ్డించడానికి సుఖమే, కానీ ఆ సందుల్లోంచి తడి త్వరగా పోతుంది కాబట్టి ఎక్కువ సేపు పెట్టకూడదు.

6 లీటర్ల అండాకారపు కుక్కర్‌లో 3 కిలోల హామ్ హాయిగా పడుతుంది. గుండ్రటి కుక్కర్ అయితే 2.5 కిలోలు దాటొద్దు. హామ్ పైకి లేచి మూత కూర్చోకపోతే, ఒక వైపు నుంచి అరచేయంత ముక్క కోసి పక్కన దూర్చండి. అప్పటికీ పట్టకపోతే రెండు పొరల అల్యూమినియం ఫాయిల్‌ను గిన్నె అంచులకు బిగించి దాని మీద మూత ఆనించండి. మూత వంకరగా ఉండి ఆవిరి పోతూ ఉంటే మాత్రం ఎన్ని గంటలు పెట్టినా లాభం లేదు.

గడ్డకట్టిన హామ్‌ను నేరుగా కుక్కర్‌లో పెట్టకండి. స్లో కుక్కర్ అంత పెద్ద ముక్కను కరిగించి వేడెక్కించేలోపు మాంసం చాలా గంటలు గోరువెచ్చగా ఉండిపోతుంది. 4 నుంచి 60 డిగ్రీల మధ్యలో క్రిములు వేగంగా పెరుగుతాయి. ఫ్రిజ్ కింది అరలో పెట్టి, 2 కిలోలకు ఒక రోజు చొప్పున కరగనివ్వండి. 3 కిలోలకు ఒకటిన్నర రోజు.

ప్యాకెట్ విప్పాక ఒక నిమిషం ఆగి హామ్‌ను చుట్టూ తిప్పి చూడండి. ఎముక కోసిన చోట చాలావాటికి చిన్న ప్లాస్టిక్ బిళ్ల అతికించి ఉంటుంది, ఎముక కవర్‌ను చింపకుండా. అది ఎముక రంగులోనే ఉండి కంటికి ఆనదు. వేలితో తడిమి ఊడదీయండి. వల చుట్టి ఉంటే అదీ తీసేయండి. తర్వాత కాగితం తువ్వాలుతో తుడిచి ఆరనివ్వండి. తోలు మందంగా ఉంటే ఒక మూల కత్తితో లేపి, కింద ఉన్న కొవ్వు అర సెంటీమీటరు మిగిలేలా ఒలిచేయండి. ఆ కొవ్వు మీద ఒకటిన్నర అంగుళం ఎడంతో అడ్డంగా, నిలువుగా గాట్లు పెట్టండి. కత్తి కొవ్వులో దిగాలి, మాంసాన్ని తాకకూడదు. ఈ పని హామ్ ఫ్రిజ్‌లోంచి తీసిన వెంటనే, కొవ్వు గట్టిగా ఉన్నప్పుడే చేయాలి. వేడెక్కాక కొవ్వు జారిపోయి కత్తికి దొరకదు. స్పైరల్ హామ్‌కు ఈ గాట్లు అక్కర్లేదు.

ఇప్పుడు కుక్కర్‌లోకి. కోసిన వైపు కిందికి ఉండేలా హామ్‌ను నిలబెట్టండి. తడి పోయేది ఆ వైపు నుంచే కాబట్టి అది రసంలో మునిగి ఉండాలి. ముప్పావు కప్పు, అంటే 180 మిల్లీలీటర్ల ఆపిల్ జ్యూసు గానీ డబ్బా పైనాపిల్ జ్యూసు గానీ అడుగున పోయండి. అంతకు మించి వద్దు, హామే ఇంకో కప్పు రసం వదులుతుంది. తాజా పైనాపిల్ ముక్కలు, తాజా రసం వాడకండి. అందులో ఉండే బ్రోమెలైన్ అనే ఎంజైమ్ మాంసం పైపొరను మెత్తని ముద్దలా చేసేస్తుంది. డబ్బాలో నింపేటప్పుడు వేడి చేస్తారు కాబట్టి డబ్బా రసంలో ఆ ఇబ్బంది ఉండదు. పైన 50 గ్రాముల బ్రౌన్ షుగర్ మాత్రం రుద్దుతాను. అది మెరుపు కోసం కాదు, కరిగి అడుగు రసంలో కలిసి చివరికి పాకానికి పనికొస్తుందని. ఒక దాల్చినచెక్క ముక్క, నాలుగు మిరియాలు వేయండి. ఉప్పు చిటికెడు కూడా వద్దు.

మూత పెట్టి ‘లో’ మీద ఉంచండి. ‘హై’ మీద పెడితే రెండు గంటలు కలిసొస్తాయన్న మాట నిజమే. కానీ బయటి మాంసం ఎండిపోయే సమయానికి కూడా ఎముక దగ్గర చల్లగా ఉంటుంది. స్లో కుక్కర్‌కు మూలమైన, ఇర్వింగ్ నాక్సన్ 1940లో పేటెంట్ పొందిన పరికరం బీన్స్‌ను గంటల తరబడి ఉడికించడానికి పుట్టింది. 1971లో క్రాక్‌పాట్ పేరుతో అమ్మకానికి వచ్చిన స్లో కుక్కర్ దాని నుంచే పుట్టింది. బీన్స్‌కైతే ఎంతసేపు ఉడికినా నష్టం లేదు. ఉడికే ఉన్న హామ్‌కు మాత్రం ఎక్కువ సేపు మంచిది కాదు, అందుకే గడియారం కన్నా థర్మామీటర్‌నే నమ్మండి.

3 కిలోల హామ్‌కు 4 నుంచి 5 గంటలు పడుతుంది. స్పైరల్ అయితే మూడున్నర గంటలకే చూడండి. అప్పటిదాకా మూత ముట్టుకోవద్దు. తీసిన ప్రతిసారీ ఆవిరంతా పోయి మళ్లీ వేడి పుంజుకోవడానికి ఇరవై నిమిషాలకు పైనే పడుతుంది. థర్మామీటర్ మొనను అన్నిటికన్నా మందంగా ఉన్న చోట, ఎముకకు తగలకుండా గుచ్చండి. ఎముకకు తగిలితే అంకె తప్పు చూపిస్తుంది. మొన నడిమికి చేరాక అంకె పైకి పోతూ పోతూ ఒక చోట ఆగుతుంది. ఆగేదాకా ఉండి చదవండి. ఫ్యాక్టరీ సీలుతో వచ్చిన, పూర్తిగా వండిన హామ్‌కు 60 డిగ్రీలు చాలు. దుకాణంలో విప్పి మళ్లీ ప్యాక్ చేసినదైతే 74 డిగ్రీలు రావాలి. పచ్చి హామ్ తెచ్చుకుని ఉంటే 63 డిగ్రీలు చేరాక కనీసం మూడు నిమిషాలు కదపకుండా ఉంచాలి.

ఇక నాకిష్టమైన భాగం, పాకం. హామ్ అనుకున్న వేడికి దగ్గరపడగానే గరిటెతో అడుగు రసం ఒక కప్పు తీసి, వడకట్టి, పైన తేలిన కొవ్వు తీసేయండి. రసాన్ని రుచి చూడండి. ఇక్కడ తొందరపడొద్దు. కొన్ని హామ్‌ల రసం నాలుక ముడుచుకునేంత ఉప్పగా ఉంటుంది, మరిగి చిక్కబడితే ఆ ఉప్పు ఇంకా పెరుగుతుంది. ఉప్పు ఎక్కువైతే పావు కప్పు రసమే తీసుకుని మిగతాది జ్యూసుతో భర్తీ చేయండి. పాకానికి మొత్తం అర కప్పు ద్రవమే కావాలి. అందులో 150 గ్రాముల బ్రౌన్ షుగర్, 3 టేబుల్ స్పూన్ల తేనె, 2 టేబుల్ స్పూన్ల డిజాన్ మస్టర్డ్ (ఘాటైన ఆవాల ముద్ద), 2 టేబుల్ స్పూన్ల ఆపిల్ సైడర్ వెనిగర్, పావు స్పూను మిరియాల పొడి, చిటికెడు లవంగాల పొడి వేసి వెడల్పాటి గిన్నెలో మధ్యస్థ మంట మీద పెట్టండి.

వెనిగర్ మానేయకండి. అది లేకపోతే రెండో ముక్కకే మొహం మొత్తుతుంది. హామ్ మీద గాటు గాటుకీ లవంగం గుచ్చడం చూడటానికి అందంగానే ఉంటుంది, కానీ తినేటప్పుడు పంటి కింద పడితే నోరంతా మొద్దుబారుతుంది. మా అత్తగారు ప్రతి ముక్కనూ తిప్పి చూసుకుని మరీ తినేవారు, అప్పటినుంచి నేను పొడే వాడుతున్నాను.

పాకం దగ్గరే నిలబడండి. మొదట పెద్ద పెద్ద నురగ బుడగలు లేచి పైకి పొంగుతాయి. మంట తగ్గించి కలుపుతూ ఉంటే ఐదారు నిమిషాలకు నురగ అణిగి, బుడగలు చిన్నవై, బద్ధకంగా పగులుతూ ‘టప్ టప్’ మని శబ్దం మారుతుంది. రంగు ముదురు తేనె రంగుకు వస్తుంది. గరిటె వెనక వేలితో గీత గీస్తే ఆ గీత మూసుకోకుండా నిలవాలి. అంతే, దించేయండి. ఇంకా ఉంచితే ముదురుపాకం వచ్చేసి చల్లారాక రాయిలా బిగుస్తుంది, బ్రష్‌కు అంటదు. చల్లారే కొద్దీ అది కొంచెం చిక్కబడుతుందని గుర్తుంచుకుని, కొద్దిగా పల్చగా ఉన్నప్పుడే ఆపండి.

ఓవెన్ ట్రేలో ఫాయిల్ పరచండి, లేకపోతే కారిన చక్కెర మాడి ట్రేను గీకుతూ కూర్చోవాలి. కుక్కర్‌లోంచి హామ్‌ను తీయడానికి రెండు వెడల్పాటి అట్లకాడలు వాడండి, మెత్తబడ్డ మాంసం చేతిలో విడిపోతుంది. హామ్‌ను కుక్కర్ పింగాణీ గిన్నెతో సహా గ్రిల్ కింద పెట్టకండి, చాలావాటికి ఆ వేడి తట్టుకునే శక్తి లేదు. వేడి గిన్నెను తడి గట్టు మీద కూడా పెట్టకండి, పగులుతుంది. పాకంలో సగం బ్రష్‌తో గాట్లలోకి దిగేలా పట్టించి, గ్రిల్‌కు ఓ జానెడు కింద ఉంచండి. మూడు నిమిషాలకు తీసి మరో పొర, ఇంకో మూడు నిమిషాలకు మిగిలినది. ఆ అయిదారు నిమిషాలూ గ్రిల్ దగ్గర్నుంచి కదలొద్దు. తేనెలోని ఫ్రక్టోజ్ మామూలు చక్కెరకన్నా తక్కువ వేడికే ఎర్రబడుతుంది, చూస్తూ ఉండగానే గాటు అంచులు నల్లబడతాయి. అంచులు ముదురు గోధుమ రంగు, మధ్యలో మెరిసే ఎరుపు వచ్చాక తీసేయండి. గ్రిల్ లేకపోతే 220 డిగ్రీల ఓవెన్‌లో పది పదిహేను నిమిషాలు. స్పైరల్ హామ్ ముక్కలు విడిపోకుండా నడుముకు వంట దారం కట్టండి, పాకాన్ని సందుల్లోకి కూడా కొంచెం వంపండి.

పది పదిహేను నిమిషాలు ఆగాకే కోయండి. లేకపోతే రసం బల్ల మీదకి పోతుంది, పైన పాకం కూడా కత్తికి అంటుకుని లేచి వస్తుంది. కుక్కర్‌లో మిగిలిన రసం ఉప్పు తక్కువైతే, ఒక స్పూను కార్న్‌ఫ్లోర్‌ను రెండు స్పూన్ల చల్లటి నీళ్లలో కలిపి అందులో పోసి ఒక ఉడుకు రానివ్వండి. గ్రేవీ సిద్ధం.

మిగిలిన మాంసాన్ని రెండు గంటల్లోపు ఫ్రిజ్‌లో పెట్టండి, పెద్ద ముద్దగా కాకుండా ముక్కలుగా కోసి పెడితే త్వరగా చల్లబడుతుంది. మూడు నాలుగు రోజుల్లో తినేయండి. ఫ్రీజర్‌లో అయితే ఒకటి రెండు నెలల దాకా రుచి నిలుస్తుంది. ఎముకను కవర్లో చుట్టి ఫ్రీజర్‌లో దాచుకోండి. బీన్స్ గానీ బఠాణీ పప్పు గానీ ఉడికేటప్పుడు అందులో వేస్తే సూప్ రుచే మారిపోతుంది. ఎముకలో ఉప్పు చాలానే మిగిలి ఉంటుంది కాబట్టి, సూప్‌లో ఉప్పు అంతా ఉడికి రుచి చూశాకే వేయండి.