బెంగళూరులో భంగాకు మందులు చట్టబద్ధంగా కొనడం

బెంగళూరులో ఉంటున్న తెలుగువారు దీర్ఘకాలిక నొప్పులకో నిద్రలేమికో విజయ, అంటే భంగాకు, కలిసిన ఆయుర్వేద మందు వాడదలిస్తే ముందు చట్టం గీసిన గీత తెలుసుకోవాలి. 1985 నాటి మాదకద్రవ్యాల చట్టం ప్రకారం ఇదే మొక్క పూత, కాయ భాగాలైన గంజాయీ, జిగురైన చరస్సూ నిషిద్ధాలు. పూత కలవని ఆకు, గింజ ఆ నిర్వచనంలోకి రావు. కిలోలోపు గంజాయి దొరికినా ఏడాది వరకు జైలుశిక్ష పడవచ్చు కనుక, ఎవరో తెలిసినవారు ఇస్తామన్నారని దాని జోలికి వెళ్లవద్దు.

మొదట రిజిస్టరైన ఆయుర్వేద వైద్యుణ్ణి స్వయంగా కలిసి, ఇప్పుడు వాడుతున్న మందులన్నీ, ముఖ్యంగా మత్తు కలిగించేవి, దాచకుండా చెప్పి, చీటీ రాయించుకోండి. కొనేటప్పుడు సీసాను వెలుతురులో తిప్పి చూడండి: తయారీ లైసెన్సు నంబరు, బ్యాచ్ నంబరు, గడువు తేదీతోపాటు వైద్య పర్యవేక్షణలోనే వాడాలన్న హెచ్చరిక తప్పనిసరిగా ఉండాలి, ఎందుకంటే భంగాకు ఔషధ నిబంధనల విషద్రవ్యాల జాబితాలో ఉంది. ఇవి లేని సీసాను, ఎంత చవకైనా, తిరిగి ఇచ్చేయండి. ఈ మొక్క గింజలు (హెంప్ గింజలు), వాటి నూనె ఆహారంగా 2021 నుంచి అనుమతి పొందాయి. వాటికి చీటీ అక్కర్లేదు.

ఊరికి ప్రయాణమైనప్పుడు మందును దాని సీసాలోనే ఉంచి, చీటీ, బిల్లు వెంట పెట్టుకోండి. గర్భిణులు, పాలిచ్చే తల్లులు దీనికి దూరంగా ఉండాలి. మందు వేసుకున్నాక బండి నడపకూడదు.