చిన్నపిల్లలకు తొలి వీడియో గేమ్: ఓడిపోవడం లేని ఆటతో ఎలా మొదలుపెట్టాలి?

ఐదారేళ్ల పిల్లలకు ఫోన్ ఇస్తే ఎక్కువగా తగిలేవి పరుగెత్తే ఆటలు, కాల్చే ఆటలు, మధ్యమధ్యలో యాడ్‌లు. ఇవి కాక ఇంకో రకం ఉన్నాయి. ఊరికే తిరుగుతూ, కనిపించినవి ఏరుకుంటూ ఆడేవి. టైమర్ తరమదు, పడిపోయినా మొదటికి రాదు. తొలి ఆటగా ఇవే మేలు. కాకపోతే పిల్లల చేతికిచ్చి మీ పనిమీద మీరు వెళ్లిపోతే సగం ఆట వృథా.

1. ఆట ఎంచుకోండి

ఇంట్లో కంప్యూటర్ గానీ నింటెండో స్విచ్ అనే ఆటల పరికరం గానీ ఉంటే 2019లో వచ్చిన 'ఎ షార్ట్ హైక్'తో మొదలుపెట్టండి. క్లెయిర్ అనే పక్షిపిల్ల ఫోన్ సిగ్నల్ కోసం కొండ ఎక్కాలి, కథంతా అంతే. జారిపడినా దెబ్బ తగలదు, రెక్కలు చాపి తేలుతూ దిగొచ్చు. బంగారు ఈకలు దొరికేకొద్దీ ఇంకాస్త పైకి ఎక్కగలుగుతుంది. చాలామంది పిల్లలు కొండ సంగతే మర్చిపోయి ఒడ్డున గవ్వలు ఏరుతూ, చేపలు పడుతూ కూర్చుంటారు. కూర్చోనివ్వండి.

తర్వాత 'ఆల్బా: ఎ వైల్డ్‌లైఫ్ అడ్వెంచర్' (2020). సెలవులకు తాతగారింటికి వచ్చిన పాప, మధ్యధరా సముద్రంలో ఒక దీవి. మొదట్లోనే ఒడ్డుకు కొట్టుకొచ్చిన డాల్ఫిన్‌ని కాపాడాలి, అదీ ఒక్కతే కాదు, జనాన్ని పోగుచేసి. ఆ తర్వాత పక్షుల ఫొటోలు తీయడం, చెత్త ఏరడం, హోటల్ కట్టకుండా ఆపడానికి 50 సంతకాలు సేకరించడం.

ఫోనే ఉంటే మైన్‌క్రాఫ్ట్ కొనండి, ఇటుకలు పేర్చి ఇష్టమొచ్చింది కట్టుకునే ఆట. యూరప్‌లో దానికి 7 ఏళ్ల రేటింగ్ ఉంది. కింది మార్పులు చేసి పక్కన కూర్చుంటే అంతకంటే చిన్నవాళ్లూ ఆడగలరు.

2. మైన్‌క్రాఫ్ట్ సెట్టింగ్స్

కొత్త ప్రపంచం సృష్టించేటప్పుడే గేమ్ మోడ్ 'క్రియేటివ్', డిఫికల్టీ 'పీస్‌ఫుల్' పెట్టండి. క్రియేటివ్‌లో కావలసినన్ని ఇటుకలు, ఎగరడం కూడా. జాంబీలు అందులో దాడి చేయవు, కానీ కనిపిస్తేనే పిల్లలు జడుసుకుంటారు. పీస్‌ఫుల్ పెడితే అసలు రావు. ఇతరులు వచ్చి కలిసి ఆడే 'మల్టీప్లేయర్' ఆపేయండి. వీడియో సెట్టింగ్స్‌లో 'వ్యూ బాబింగ్' తీసేస్తే నడిచేటప్పుడు తెర ఊగదు, కొందరు పిల్లలకు ఆ ఊపుకే తల తిరుగుతుంది.

3. డబ్బుకు తాళం

ప్లే స్టోర్‌లో ప్రతి కొనుగోలుకూ పాస్‌వర్డ్ అడిగేలా పెట్టండి. ఆటలోంచి బయటికి పోకుండా ఆండ్రాయిడ్‌లో 'యాప్ పిన్నింగ్', ఐఫోన్‌లో 'గైడెడ్ యాక్సెస్' ఉన్నాయి.

4. పక్కన కూర్చోండి

అసలు పని ఇదే. ఈ ఆటల్లో పాత్రలు మాట్లాడేదంతా తెర మీద ఇంగ్లీషు అక్షరాల్లో వస్తుంది. చదవడం రాని పిల్లలకు మీరు తెలుగులో కథలా చెప్పాలి. "ఈ తాబేలుకి ఏదో కావాలట, ఏంటో అడుగుదామా?" అంటే చాలు. గొంతు మార్చి చెబితే మరీ సంతోషం. అమెరికాలో పెరిగే పిల్లలకైతే ఇంగ్లీషులోనే వదిలేయాలనిపిస్తుంది గానీ, అమ్మమ్మతో వీడియో కాల్‌లో ఇదే కథ చెప్పాలంటే ఆ తెలుగు మాటలే పనికొస్తాయి.

చేతులకు అన్నిటికంటే కష్టమైంది ఒక బొటనవేలితో నడుస్తూ రెండోదానితో చూపు తిప్పడం. 'ఎ షార్ట్ హైక్'లో కెమెరా చాలావరకు తనే తిరుగుతుంది, ముందు దాన్ని చెప్పింది అందుకే. ఆల్బాలో మొదట్లో మీరు చూపు తిప్పండి, పిల్ల నడుస్తుంది. కంట్రోలర్ ఇద్దరూ చెరోవైపు పట్టుకోవచ్చు, నవ్వులాటగా ఉంటుంది.

నోరు మాత్రం అదుపులో పెట్టుకోవాలి. "అటు కాదు, ఇటు" అన్నామా, అది మన ఆట అయిపోతుంది. ఒకే గోడ చుట్టూ పావుగంట తిరిగినా అడిగితేనే చెప్పండి.

5. ఆపడం

రెండు నుంచి నాలుగేళ్ల పిల్లలకు రోజు మొత్తం మీద తెర గంట దాటకూడదని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2019లో చెప్పింది. టీవీ, ఫోన్ అన్నీ అందులోనే. అంతకంటే పెద్ద పిల్లలకూ ఒకసారి కూర్చుంటే అరగంట చాలు.

గడియారం చూపించి ఆపితే గొడవే. ఆట లోపలి చోటే ఆపడానికి అనువు. ఆల్బా కథ రోజులుగా నడుస్తుంది, ఆ రోజు ముగిశాక ఆపేయొచ్చు. మైన్‌క్రాఫ్ట్‌కి అంతు లేదు కాబట్టి "ఈ పైకప్పు వేశాక లేద్దాం" అని ముందే ఒప్పందం చేసుకోండి. కట్టిన ఇల్లు దానంతటదే సేవ్ అవుతుందని ఒకసారి ఆపి, మళ్లీ తెరిచి చూపించండి. ఏడుపుల్లో సగం అది పోతుందన్న భయంతోనే వస్తాయి.