తాళం పడిన కారులోంచి బయటపడే ఎస్కేప్ గేమ్ ఎలా పూర్తి చేయాలి?

ఆట తెరుచుకోగానే మీరు కారు సీట్లో ఉంటారు. తలుపులు లాక్ అయి ఉంటాయి, తాళంచెవి కనిపించదు, కిటికీ అద్దాలు దిగవు. మౌస్‌తో నొక్కుతూ వస్తువులు ఏరుకుని, కోడ్‌లు కనిపెట్టి, తలుపో డిక్కీయో తెరుచుకుని బయటపడాలి. జపాన్‌కు చెందిన తోషిమిత్సు తకాగి తయారుచేసిన క్రిమ్సన్ రూమ్ 2004లో వెబ్‌లో పేరు తెచ్చుకున్నాక ఈ తరహా ఆటలు లెక్కలేనన్ని వచ్చాయి. గదికి బదులు కారు, వ్యాను, రైలు పెట్టె, లిఫ్టు పెట్టినవి వాటిలో చాలా ఉన్నాయి.

గదితో పోలిస్తే కారు ఇరుకు. అయితే అంత ఇరుకులోనే బోలెడన్ని మూతలు, అరలు, మీటలు, సందులు ఉంటాయి. ఆట చేసినవాళ్లు వస్తువుల్ని దాచేది అక్కడే. అందుకే ఈ ఆటల్లో వేగంగా నొక్కే చెయ్యి కన్నా కారు భాగాలు తెలిసిన కన్ను ఎక్కువ పనికొస్తుంది. ఇక్కడ చెప్పే పద్ధతి ఏదో ఒక్క ఆటకు జవాబుల పట్టీ కాదు, కారులో జరిగే ఏ ఎస్కేప్ గేమ్‌కైనా పనికొచ్చే వరస.

1. ముందు ఆట సరిగ్గా నడిచేలా చూసుకోండి

పాత ఆటలు ఎక్కువగా ఫ్లాష్‌లో, అంటే ఒకప్పుడు బ్రౌజర్‌లో ఆటలు నడిపిన సాఫ్ట్‌వేర్‌లో చేసినవి. అడోబీ సంస్థ 2020 డిసెంబర్ 31తో ఫ్లాష్ ప్లేయర్‌ను ఆపేసింది. 2021 జనవరి 12 నుంచి అందులో ఆటలు నడవకుండా అడ్డుకుంది కూడా. ఇప్పుడు వాటిని ఆడాలంటే బ్రౌజర్‌లో పనిచేసే రఫుల్ ఉంది, కంప్యూటర్‌లో దించుకునే ఫ్లాష్‌పాయింట్ ఉంది. రఫుల్‌లో ఏదైనా బటన్ స్పందించకపోతే తప్పు మీదని అనుకోకండి. అదే ఆటను ఫ్లాష్‌పాయింట్‌లో ఒకసారి తెరిచి చూడండి.

సౌండ్ ఆన్‌లో పెట్టండి. రేడియో గరగర, హారన్, ఇండికేటర్ టిక్కుటిక్కు, వీటిలో దేనిలోనైనా కోడ్ ఉండొచ్చు. పక్కన కాగితం, పెన్ను తప్పనిసరి. ఆట మధ్యలో ఆపాల్సి వస్తే బ్రౌజర్ డేటా చెరపకండి. సేవ్ చేసింది సాధారణంగా అక్కడే ఉంటుంది, ఇన్‌కాగ్నిటోలో ఆడితే విండో మూయగానే పోతుంది.

2. ఎన్ని దృశ్యాలున్నాయో లెక్కపెట్టండి

ఏదీ తీయకుండా ముందు తెర అంచుల్లోని బాణాలన్నీ నొక్కి ఒక చుట్టు చుట్టి రండి. ముందు డ్యాష్‌బోర్డు, కుడి తలుపు, ఎడమ తలుపు, వెనక సీటు, పైకప్పు, కాళ్ల దగ్గర నేల: వీటిలో ఏవేవి ఉన్నాయో కాగితం మీద రాసుకోండి. ఎక్కువమంది వదిలేసేది పైకప్పు, నేల. పక్కలకు బాణాలు కనిపిస్తాయి కాబట్టి తిరుగుతాం, పైకీ కిందికీ చూడొచ్చని తట్టదు. తెర పై అంచు, కింది అంచు మధ్యలో ఓసారి నొక్కి చూడండి.

స్టీరింగ్ ఎటుందో కూడా గమనించండి. జపాన్ కార్లలో మన దగ్గరలాగే కుడివైపు ఉంటుంది, అమెరికా కార్లలో ఎడమవైపు. ‘డ్రైవర్ తలుపు’ అని ఆధారంలో వస్తే ఏ తలుపో తేల్చేది అదే.

3. ప్రతి దృశ్యాన్నీ జల్లెడ పట్టండి

కంప్యూటర్ మీదైతే కర్సర్‌ను పై ఎడమ మూల నుంచి మొదలుపెట్టి, బొటనవేలి వెడల్పు పట్టీలుగా అడ్డంగా నడుపుతూ కిందికి దిగండి. బాణం గుర్తు చెయ్యి గుర్తుగా మారిన ప్రతిచోటా ఆగి నొక్కండి. ఫోన్‌లో ఆ సౌకర్యం ఉండదు కనుక తెరను 4 వరసలు, 6 నిలువు గళ్లుగా ఊహించుకుని ఒక్కో గడిలో ఒకసారి తట్టండి. దృశ్యానికి 24 తట్లు, నిమిషం పట్టదు. కర్సర్ గుర్తు మారని ఆటలూ ఉన్నాయి, వాటికి కంప్యూటర్ మీద కూడా ఈ గళ్ల పద్ధతే వాడాలి.

కారులో ముఖ్యంగా చూడాల్సిన చోట్లు ఇవి. సన్ వైజర్ దించి దాని వెనక, అక్కడి చిన్న అద్దం మూత కింద. వెనక చూసే అద్దాన్ని తిప్పి దాని వెనకవైపు. యాష్‌ట్రే లాగి, వీలైతే మొత్తం బయటికి తీసి. తలుపు జేబులు, కప్పు పెట్టుకునే గుంట, సీటు వీపు వెనక సంచి, ఫ్లోర్ మ్యాట్ నాలుగు మూలలు. సీటుకూ సీటు వీపుకూ మధ్య సందు. హ్యాండ్ బ్రేక్ పక్కన. సీటు బెల్టు బకిల్. స్టీరింగ్ కింద మోకాళ్లు తగిలేచోట ఉండే ఫ్యూజు పెట్టె మూత. హెడ్‌రెస్ట్‌ను కూడా మరచిపోవద్దు: పైకి లాగితే రెండు ఇనుప కడ్డీలతో సహా ఊడి వస్తుంది, ఆ కడ్డీయే చాలా ఆటల్లో పనిముట్టు.

ఒక్కసారి వెతికితే అయిపోయిందనుకోవద్దు. సీటు వెనక్కి వాల్చినా, మ్యాట్ ఎత్తినా, దీపం వెలిగినా ఆ దృశ్యం కొత్తదైనట్టే. మళ్లీ జల్లెడ పట్టాలి. ఆట మధ్యలో ఆగిపోవడానికి మొదటి కారణం తెలివి చాలకపోవడం కాదు, మారిన దృశ్యాన్ని పాత కళ్లతో చూడటం.

4. దొరికిన వస్తువును విప్పి చూడండి

ఏరుకున్న వస్తువులు కనిపించే పక్క పట్టీలోకి (ఇన్వెంటరీ) వస్తువు చేరగానే పని పూర్తికాదు. ఒకసారి నొక్కితే అది చేతిలోకి వస్తుంది, ఇంకోసారి నొక్కితే పెద్దగా కనిపిస్తుంది. పెద్దదైన బొమ్మలో అటూ ఇటూ నొక్కండి. టార్చి వెనక మూత తిరుగుతుంది, పర్సులో లోపలి అర ఉంటుంది, కాగితం వెనక గీతలుంటాయి. రెండు వస్తువుల్ని కలపాలంటే ఒకదాన్ని పెద్దది చేసి, ఆ స్థితిలో పట్టీలోని రెండోదాన్ని నొక్కి, మొదటిదాని మీద పెట్టండి. టార్చిలో బ్యాటరీలు వేసేది ఇలాగే. కొన్ని ఆటల్లో నొక్కితే సరిపోదు, లాక్కెళ్లి వదలాలి. ఒకటి పనిచేయకపోతే రెండోది ప్రయత్నించండి.

ఇంకో చిక్కుంది. చేతిలో వస్తువు ఎంచుకుని ఉంటే కొన్ని ఆటల్లో మామూలు మూతలు, మీటలు తెరుచుకోవు. దాన్ని వదిలేసి మళ్లీ నొక్కండి.

స్క్రూడ్రైవర్ లేదని ఆగిపోకండి. నాణెం, నెయిల్ కట్టర్, బెల్టు బకిల్ నాలుక కూడా స్క్రూ తిప్పుతాయి. స్క్రూ తల మీద ఒక గీతే ఉంటే నాణెం, ప్లస్ గుర్తు ఉంటే అచ్చంగా స్క్రూడ్రైవర్ అని ఊహించండి.

5. తాళాన్ని ముందు చదవండి, ఆధారాన్ని తర్వాత వెతకండి

ఆటలో అసలు బుర్రపెట్టాల్సింది ఇక్కడే. గ్లవ్ బాక్స్ మీద మూడంకెల తాళం కనిపించగానే చక్రాలు తిప్పడం మొదలుపెట్టకండి. మూడంకెలంటే 000 నుంచి 999 దాకా 1000 అవకాశాలు. దానికి బదులు ఆ తాళం తన గురించి ఏం చెబుతోందో చూడండి: ఎన్ని గళ్లు, అంకెలా అక్షరాలా రంగులా, బటన్లు ఏ ఆకారంలో అమర్చారు, పక్కన చిన్న గుర్తేమైనా ఉందా. నాలుగు రంగుల బటన్లుంటే కారులో నాలుగు రంగులు ఒక వరసలో ఎక్కడ కనిపించాయో గుర్తుచేసుకోండి. ఎడమ, కుడి బాణాలు మాత్రమే ఉంటే ఇండికేటర్లు గానీ వైపర్లు గానీ ఆధారం కావచ్చు.

కారులో అంకెలు దాచే చోట్లు తక్కువే. ఓడోమీటర్, గడియారం, స్పీడు ముల్లు, పెట్రోలు ముల్లు, నంబర్ ప్లేటు, టైరు మీది అక్షరాలు, రేడియో. 76కూ 108కీ మధ్య దశాంశంతో ఒక సంఖ్య దొరికితే అది దాదాపుగా ఎఫ్‌ఎం. మన దగ్గర ఎఫ్‌ఎం 87.5 పైనే కానీ జపాన్‌లో 76 నుంచే మొదలవుతుంది, అందుకే 80.0 లాంటి సంఖ్య చూసి తికమకపడొద్దు. దశాంశం లేని మూడంకెల సంఖ్య 9తో తెగితే మీడియం వేవ్ (ఏఎం రేడియో) అయ్యే వీలుంది. మన దేశంలోనూ జపాన్‌లోనూ ఆ స్టేషన్ల మధ్య దూరం 9 కిలోహెర్ట్జ్. హైదరాబాద్ ఆకాశవాణి 738, విజయవాడ 837 రెండూ 9తో తెగేవే.

గేర్ రాడ్ తల మీది బొమ్మ కూడా కోడే. 1 పైన ఎడమ, 2 కింద ఎడమ, 3 పైన మధ్య, 4 కింద మధ్య, 5 పైన కుడి. ‘1-4-3’ అని దొరికితే బాణాల తాళంలో దాన్ని దిక్కులుగా మార్చుకోవచ్చు. రివర్స్ గేర్ స్థానం మాత్రం కారుకో తీరు, బొమ్మ చూసే నిర్ధారించుకోండి.

అద్దంలో కనిపించే అంకెలు తిరగబడి ఉంటాయి. డిజిటల్ గడియారం తరహా అంకెల్లో 2, 5 ఒకదానికొకటి ప్రతిబింబాలు, 0, 1, 8 మారవు. అంకెల వరస కూడా వెనకనుంచి ముందుకు మారుతుంది. అద్దంలో 5201 కనిపిస్తే అసలు సంఖ్య 1052. కాగితాన్ని తలకిందులు చేసినప్పుడు లెక్క వేరు: 6, 9 ఒకదానికొకటి మారతాయి, 2, 5 అలాగే ఉంటాయి, వరస ఇక్కడా వెనకనుంచి ముందుకు మారుతుంది. 6019ని తిప్పితే 6109.

దీపం గానీ హారన్ గానీ పొట్టిగా, పొడుగ్గా వస్తుంటే మోర్స్ కోడ్: పొట్టిది చుక్క, పొడుగుది గీత. అంకెకు ఎప్పుడూ ఐదు గుర్తులే. ఒక చుక్క, నాలుగు గీతలు అంటే 1. రెండు చుక్కలు, మూడు గీతలు అంటే 2. ఐదూ చుక్కలైతే 5, ఐదూ గీతలైతే 0. 6 నుంచి గీతలు ముందుకొస్తాయి: ఒక గీత, నాలుగు చుక్కలు.

జపాన్ ఆటల్లో అనువాదం లేకపోయినా భయం లేదు. జపాన్ లిపి అంకెల్లో అడ్డగీత ఒకటుంటే 1, రెండుంటే 2, మూడుంటే 3, ప్లస్ గుర్తులాంటిది 10.

అంకెలు తెలిసి వరస తెలియకపోతే అప్పుడు చక్రాలు తిప్పండి. మూడు వేరు వేరు అంకెలకు 6 వరసలు, నాలుగింటికి 24, నాలుగింటిలో రెండు ఒకటే అయితే 12. అంతవరకు ప్రయత్నించడం తప్పు కాదు. అంతకు మించితే ఆధారం ఎక్కడో వదిలేశారన్నమాట.

సరైన కోడ్ వేసినా తెరుచుకోకపోవడం కూడా మామూలే. కొన్ని ఆటలు మీరు ఆధారాన్ని నిజంగా చూశారో లేదో గుర్తుపెట్టుకుంటాయి, చూడకుండా వేసిన కోడ్‌ను ఒప్పుకోవు. ఆధారాన్ని దగ్గరగా తెరిచి చూసి వచ్చి మళ్లీ వేయండి.

6. కారుకు కరెంటు తెప్పించండి

చాలా ఆటల్లో నడిమి మలుపు ఇదే. మొదట్లో రేడియో, దీపం, పవర్ విండో ఏవీ పనిచేయవు. ఫ్యూజు పెట్టె తెరిచి ఖాళీ గడి చూడండి. నిజం కార్లలో రంగును బట్టి ఫ్యూజు ఎన్ని ఆంపియర్లదో తెలుస్తుంది: ఎరుపు 10, నీలం 15, పసుపు 20, ఆకుపచ్చ 30. ఫ్యూజు మీది అంకెకూ గడి పక్కన రాసిన అంకెకూ పొత్తు కుదర్చడమే ఇక్కడ పజిల్.

తర్వాత ఇగ్నిషన్. తాళంచెవికి లాక్, ఏసీసీ, ఆన్, స్టార్ట్ అని నాలుగు స్థానాలు. ఏసీసీలో రేడియో, సిగరెట్ లైటర్ పనిచేస్తాయి. పవర్ విండోకు సాధారణంగా ఆన్ దాకా తిప్పాలి. సెల్ఫ్ కొడితే ఇంజన్ అందుకోదు, ఆట ఉద్దేశం మీరు కారు నడుపుకుంటూ వెళ్లడం కాదు. ఒక్కో స్థానంలో ఆపి, అన్ని దృశ్యాలూ మళ్లీ చూడండి.

సిగరెట్ లైటర్‌ను లోపలికి నొక్కి, కాసేపు ఆగి, అది ఎగిరొచ్చాక తీయాలి. తాడు కాల్చడానికీ, మైనం కరిగించడానికీ, నిమ్మరసంతో రాసిన కాగితాన్ని వేడిచేసి అక్షరాలు తేల్చడానికీ అదే. అద్దం మీద ఆవిరి పడితే ఎప్పుడో వేలితో రాసిన అంకె బయటపడటం ఇంకో పాత ఎత్తు.

7. బయటికి దారి

డ్రైవర్ తలుపే దారి అనుకోవద్దు. వెనక తలుపు లాక్ తీసినా తెరుచుకోకపోతే చైల్డ్ లాక్ వేసి ఉంది. అది తలుపు అంచున ఉంటుంది, లోపలి నుంచి అందదు. మరో దారి చూడండి. వెనక సీటు వీపు పైభాగంలో చిన్న మీట గానీ తాడు గానీ లాగితే అది ముందుకు వాలి డిక్కీ కనిపిస్తుంది. అక్కడ స్టెప్నీ, జాకీ, వీల్ స్పానర్ ఉంటాయి. స్టెప్నీ గుంట లోపల కూడా నొక్కండి.

ఆట అమెరికా కారుదైతే డిక్కీలో చీకట్లో మెరిసే పిడి కోసం చూడండి. 2001 సెప్టెంబర్ 1 నుంచి తయారైన కార్ల డిక్కీని లోపలి నుంచి తెరిచే ఏర్పాటు ఉండాలని అక్కడి నిబంధన. ఆ పిడి లాగితే చాలు.

చివరి తలుపు తెరిచే ముందు సేవ్ చేసుకోండి. రెండు ముగింపులున్న ఆటల్లో, పట్టీలో మిగిలిపోయిన వస్తువే రెండో ముగింపుకు ఆధారం.

8. కదలకపోతే

పావుగంట దాటినా ముందుకు సాగకపోతే కాగితాన్ని రెండు భాగాలు చేయండి. ఎడమవైపు ఇంకా వాడని వస్తువులు, ఆధారాలు. కుడివైపు ఇంకా తెరవని తాళాలు, మూతలు. ఎడమవైపు మిగిలి కుడివైపు ఖాళీ అయితే ఒక చోటు మీకు కనిపించలేదు, 3వ మెట్టుకు వెళ్లండి. కుడివైపే మిగిలితే ఒక వస్తువు విప్పలేదు, 4వ మెట్టు. రెండువైపులా ఉంటే ప్రతి వస్తువునూ ప్రతి తాళం మీద పెట్టి చూడండి. ఐదు వస్తువులు, మూడు తాళాలైతే పదిహేను ప్రయత్నాలే.

అప్పటికీ కాకపోతే ఎవరైనా రాసిన పరిష్కారం తెరవండి. మొదటి నుంచి చదవకుండా, ఇప్పుడు మీ చేతిలో ఉన్న వస్తువు పేరు వెతికి ఆ ఒక్క వాక్యం చదివి మూసేయండి. అందులో ఇచ్చిన కోడ్ మీకు పనిచేయకపోతే ఆ ఆట ప్రతిసారీ అంకెలు మారుస్తోందని అర్థం. అంకె వదిలేసి, అది ఎక్కడి నుంచి వచ్చిందో చూడండి, మీ అంకె కూడా అక్కడే ఉంటుంది.